పైపు మీద కాలు: మూకీ కామెడీలతో ఏడో తరగతిలో ఎనిమిది వారాలు

నేను బడుల్లో పిల్లలకి సినిమా చూడటం నేర్పుతాను. వారానికి ఒక పీరియడ్, ఒక ప్రొజెక్టర్, గోడకి కట్టిన తెల్ల దుప్పటి, అంతే సరంజామా. "నీతి ఉన్న పాత కామెడీలు ఏవైనా ఉంటే చెప్పండి సార్, మాటలు లేనివైతే ఇంకా మంచిది, మా పిల్లలకి వేస్తాం" అని టీచర్లు తరచూ అడుగుతుంటారు. చాలా ఏళ్ళు నేను ఒక లిస్టు పంపించి ఊరుకునేవాణ్ణి. ఆ లిస్టులో మొదటి సినిమానే ఒక క్లాసులో ఒక పిల్లవాడికి కీడు చేసింది. వేసింది నేనే. అది ఎలా జరిగింది, తర్వాత ఏం చేశాం, ఎక్కడ ఏం ఆలోచించి ఆ నిర్ణయం తీసుకున్నాను అన్నది వివరంగా రాస్తే ఇదే పనిలో ఉన్నవాళ్ళకి పనికొస్తుందని రాస్తున్నాను.

పేర్లు మార్చాను. ఊరు, బడి, ఏడాది చెప్పను. పిల్లల్ని గుర్తుపట్టే వీలున్న వివరాలు తీసేశాను. ఆ పిల్లవాడు, వాళ్ళమ్మగారు సరేనన్నాకే రాస్తున్నాను.

నేపథ్యం

మామూలు ప్రైవేటు హైస్కూలు. ఏడో తరగతిలో 38 మంది. ఏడాది మధ్యలో ఒక అబ్బాయి కొత్తగా చేరాడు, వాణ్ణి ఇక్కడ చిన్నా అంటాను. నెమ్మదస్తుడు, చదువులో పర్వాలేదు, ఎవరితోనూ గొడవ పెట్టుకోడు. చేరిన నెలలోపే మొదలైంది. కూర్చునే ముందు బెంచీ మీద నీళ్ళు పోయడం, బ్యాగు పట్టీని బెంచీకి ముడేయడం, లేచి జవాబు చెప్పి మళ్ళీ కూర్చునేలోపు కుర్చీ లాగేయడం. వీటిలో చాలావాటికి ముందుండేది ఒక కుర్రాడు, వాణ్ణి కిట్టు అంటాను. హుషారైనవాడు, టీచర్లకి కూడా ఇష్టమే. ఇంకో ఇద్దరు ముగ్గురు ఇంట్లోంచి ఫోన్లు దాచి తెచ్చి, చిన్నా పడిపోవడం వీడియో తీసి, అన్నయ్యల వాట్సాప్ గ్రూపుల్లో తిప్పారు.

నన్ను పిలిచేటప్పటికి హెచ్చెమ్ మేడం ఇద్దరు ముగ్గురు పిల్లల్ని నిలబెట్టి తిట్టారు, ప్రార్థనలో ఉపన్యాసం ఇచ్చారు. ఫలితం లేదు. "మీరు సినిమాలు వేస్తారు కదా, వీళ్ళ బుర్రకెక్కేలా ఏదైనా నీతి ఉన్నది వేయండి" అన్నారు.

అసలు సమస్య ఏమిటి

బయటికి కనిపించేది ఒక పిల్లవాణ్ణి ఏడిపించడం. కానీ మొదటి రోజు మాట్లాడినప్పుడు ఒక సంగతి తెలిసింది. ఆ వీడియోల్లో చిన్నా కూడా నవ్వుతున్నాడు. పిల్లలందరూ అదే చెప్పారు, "వాడు కూడా నవ్వుతున్నాడు కదా సార్, జోకే". వాళ్ళమ్మగారు కూడా అదే అన్నారు, "నవ్వుతుంటే స్నేహితులతో ఆట అనుకున్నానండీ". తర్వాత క్లాస్ టీచర్ విడిగా కూర్చోబెట్టి మెల్లగా అడిగితే, ఏడిస్తే ఇంకా ఎక్కువ చేస్తారని నవ్వుతున్నానని చెప్పాడట.

మన భాషలో ఆటపట్టించడం వేరు, ఏడిపించడం వేరు. ఆటపట్టించడంలో ఇద్దరికీ ఆట ఉంటుంది. ఆ క్లాసులో ఆ రెండు మాటలకీ మధ్య గీత చెరిగిపోయింది. ఇది మొదట్లోనే అర్థం చేసుకుని ఉంటే నేను మొదటి సినిమా వేరేది ఎంచుకునేవాణ్ణి.

మొదటి వారం: తోటమాలి

1895 డిసెంబరు 28న పారిస్‌లోని గ్రాండ్ కఫేలో లూమియేర్ సోదరులు టిక్కెట్టు పెట్టి చూపించిన పది చిన్న సినిమాల్లో ఇదొకటి. అప్పుడు దాని పేరు 'తోటమాలి'. తర్వాత 'లారోజర్ అరోజే' అనే పేరు నిలబడింది, అంటే నీళ్ళు పట్టేవాడే తడిసిపోయాడు అని. నిమిషం కూడా ఉండదు, ఎందుకంటే వాళ్ళ యంత్రంలో పట్టే ఫిల్ము 17 మీటర్లే, అది తిరిగేది 50 సెకన్లు. తోటమాలి పైపుతో మొక్కలకి నీళ్ళు పడుతుంటాడు. వెనక నుంచి ఒక కుర్రాడు వచ్చి పైపు మీద కాలు పెడతాడు. నీళ్ళు ఆగిపోతాయి. ఏమైందా అని తోటమాలి పైపు మూతిలోకి చూస్తాడు. కుర్రాడు కాలు తీస్తాడు. నీళ్ళు ఫట్టున ముఖాన కొడతాయి, టోపీ ఎగిరిపోతుంది. తోటమాలి వాణ్ణి వెంటాడి పట్టుకుని, పిర్రల మీద నాలుగు వడ్డించి, మళ్ళీ తన పనిలో పడతాడు.

సినిమాల్లో మొదటి కామెడీ ఇదేనని చాలామంది అంటారు. నేను దీన్ని ఎంచుకోవడానికి మూడు కారణాలు. భాషతో పని లేదు. క్లాసులో జరుగుతున్న అల్లరి లాంటి అల్లరే. చివర్లో శిక్ష ఉంది, కాబట్టి నీతి ఉంది.

వేసిన తీరు కూడా చెప్పాలి, ఎందుకంటే తప్పు సగం అందులోనే ఉంది. దొరికిన కాపీ వేగంగా నడుస్తోంది, కింద ఎవరో తర్వాత చేర్చిన గెంతులేసే పియానో. పక్కన నిలబడి నేను వ్యాఖ్యానం చెప్పాను. మూకీల రోజుల్లో మన హాళ్ళలో తెర పక్కన నిలబడి కథ చెప్పే మనిషి ఉండేవాడు, నాకు ఆ పద్ధతి ఇష్టం. "చూడండి, వీడు ఇప్పుడు ఏం చేస్తాడో... అదిగో... దొరికాడు, దొంగ దొరికాడు!" అని నేను అంటుంటే పిల్లలు బల్లలు చరిచి నవ్వారు.

అయ్యాక నీతి ఏమిటని అడిగాను. చేతులన్నీ లేచాయి. తప్పు చేస్తే శిక్ష తప్పదు సార్. వెనక నిలబడ్డ హెచ్చెమ్ మేడం సంతోషించారు. నేనూ సంతోషించాను. బయటికి వెళ్ళేటప్పుడు కిట్టు పక్కవాడితో అన్న మాట నా చెవిన పడింది. "రెండు దెబ్బలేగా రా, అంత నవ్వుకి గిట్టుబాటే."

ఆ మాట విని నేను నవ్వేసి వెళ్ళిపోయాను. అక్కడ ఆగి ఉండాల్సింది.

సోమవారం మధ్యాహ్నం బడి వెనక కుళాయి దగ్గర, మొక్కలకి నీళ్ళు పట్టే పైపుతో, చిన్నాని పిలిచి, "నీళ్ళు రావట్లేదు, కొంచెం చూడు రా" అన్నారు. వాడు చూశాడు. వీడియో తీశారు. సాయంత్రానికల్లా దానికి ఆ పియానో పాటే అతికించి గ్రూపులో పెట్టారు.

మేడం ఫోన్ చేసి చెప్పినప్పుడు నాకు కాసేపు నోట మాట రాలేదు. కిట్టు తల్లిదండ్రుల్ని పిలిపించారు, ఫోన్లు తీసుకున్నారు, అది బడి నిర్ణయం, నేను అడ్డు చెప్పలేదు. కానీ నేను తేల్చుకోవాల్సింది ఒకటి ఉంది, ఆపేయాలా, కొనసాగించాలా. కొనసాగిస్తానని అడిగాను. నా వాదన ఇది: ఈ పిల్లలు సినిమాని సరిగ్గా చదివారు, తప్పు చదివింది నేను. ఆ 50 సెకన్లలో సంతోషం ఎక్కడుందో వాళ్ళకి తెలిసింది, దాన్ని ఉన్నదున్నట్టు మళ్ళీ తీశారు, సంగీతంతో సహా. ఇక్కడే వదిలేస్తే ఆ సినిమా వాళ్ళకి నేర్పిన పాఠం అదొక్కటే అవుతుంది.

రెండు, మూడు వారాలు: ఇంకా రెండు పొరపాట్లు

తప్పు ఎక్కడుందో నేను అప్పటికీ పట్టుకోలేదు. శిక్ష చిన్నది కాబట్టి గిట్టుబాటైంది, పెద్ద శిక్ష ఉన్న సినిమా వేస్తే సరిపోతుందని అనుకున్నాను. అందుకని 'మేరీ జేన్స్ మిస్‌హాప్' తీసుకెళ్ళాను. 1903లో ఇంగ్లండులో బ్రైటన్ పక్కనున్న హోవ్‌లో జార్జ్ ఆల్బర్ట్ స్మిత్ తీసింది, పనిపిల్లగా ఆయన భార్య లారా బెయ్లీ చేసింది, ఆమె నటన ఇప్పటికీ చూడముచ్చటగా ఉంటుంది. బూట్లకి పాలిష్ చేస్తూ ముఖానికి మీసం పూసుకుని మనవైపు కన్ను కొడుతుంది. తర్వాత పొయ్యి అంటుకోవడం లేదని కిరోసిన్ పోస్తుంది. పేలుడు. పొగగొట్టంలోంచి ఎగిరిపోతుంది, ముక్కలు ముక్కలై కిందపడుతుంది. సమాధి రాయి మీద ఒక శ్లేష రాసి ఉంటుంది, ఇంగ్లీషులో శాంతి అనే మాట, ముక్కలు అనే మాట దాదాపు ఒకేలా వినిపిస్తాయి కదా, దాని మీద ఆడుకున్నారు. చివర్లో ఆమె దయ్యమై లేచి తన కిరోసిన్ డబ్బా కోసం వస్తుంది.

పిల్లలు నవ్వారు. రెండో బెంచీలో ఒక అమ్మాయి మాత్రం లేచి బయటికి వెళ్ళిపోయింది. వాళ్ళింట్లో కొన్నేళ్ళ క్రితం కిరోసిన్ స్టవ్ ప్రమాదం జరిగిందని క్లాస్ టీచర్ తర్వాత చెప్పారు. మన దగ్గర కిరోసిన్ మంట అంటే కామెడీలో ఉండే వస్తువు కాదు, ఎన్నో ఇళ్ళల్లో అది గాయం. నేను ఆ సంగతి ముందే ఆలోచించి ఉండాలి. మర్నాడు క్లాస్ టీచర్‌తో కలిసి వెళ్ళి ఆ అమ్మాయికి క్షమాపణ చెప్పాను. అప్పటినుంచి ఏ క్లాసులోనైనా సినిమా వేసే ముందు అందులో నిప్పు, నీళ్ళలో మునగడం, తాగుడు, దెబ్బలు ఏవైనా ఉంటే క్లాస్ టీచర్‌కి ముందే చెప్పి, వేయొచ్చా అని అడుగుతున్నాను. పదినిమిషాల పని.

నీతి మాటకొస్తే, అదీ అందలేదు. "మా ఇంట్లో గ్యాస్ సార్" అన్నాడు ఒకడు. అంతే.

మూడో వారం అమెరికా దర్శకుడు గ్రిఫిత్ 1909లో బయోగ్రాఫ్ కంపెనీకి తీసిన 'దోజ్ ఆఫుల్ హ్యాట్స్' వేశాను. సినిమా హాల్లో ఆడవాళ్ళు పెద్ద పెద్ద టోపీలతో అడ్డం కూర్చుంటే, పైనుంచి ఇనప దవడలాంటి యంత్రం దిగి టోపీల్ని, ఆఖరికి ఒకావిడనే ఎత్తుకుపోతుంది. చివర్లో ఆడవాళ్ళు దయచేసి టోపీలు తీయాలని కార్డు పడుతుంది. మన హాళ్ళలో పొగ తాగరాదని స్లైడు వేసినట్టే, దాన్ని మూడు నిమిషాల కామెడీగా చేశారు. పిల్లలకి బాగా నచ్చింది, తమకి అడ్డం కూర్చునేవాళ్ళందరి పేర్లూ చెప్పారు. తాము ఎవరికి అడ్డం కూర్చుంటారో ఒక్కరూ చెప్పలేదు. నీతి కార్డు మీద రాసి చూపిస్తే జరిగేది ఇదే, అందరూ దాన్ని పక్కవాడికి అందిస్తారు.

మళ్ళీ చూశాను

ఆ ఆదివారం ఇంట్లో తోటమాలి సినిమాని ఇరవైసార్లు చూసి ఉంటాను. ఈసారి పియానో ఆపేశాను. వేగం కూడా సరిచేశాను. లూమియేర్‌ల కెమెరా చేత్తో పిడి తిప్పి నడిపేది, సెకనుకి సుమారు 16 ఫ్రేములు. ఇప్పటి యంత్రాలు దాన్ని 24 చొప్పున నడిపిస్తే ఒకటిన్నర రెట్లు వేగం అవుతుంది, మనుషులు బొమ్మల్లా గెంతుతారు, బొమ్మలకి దెబ్బ తగలదు. అసలు వేగంలో చూస్తే ఆ దెబ్బలు దెబ్బల్లాగే ఉన్నాయి. తోటమాలి ముఖం తుడుచుకోవడం కూడా కనిపించింది.

ఇంకో రెండు విషయాలు కనిపించాయి. కుర్రాణ్ణి పట్టుకున్నాక తోటమాలి అక్కడే కొట్టడు. చెవి పట్టి కెమెరా ముందుకి లాక్కొచ్చి, మనకి బాగా కనిపించేచోట కొడతాడు. ఆ తోటమాలి నిజంగానే లూమియేర్‌ల ఇంటి తోటమాలి, ఫ్రాన్స్వా క్లేర్, ఫ్రేము ఎక్కడిదాకా ఉందో చెప్పి ఉంటారు కదా. అంటే శిక్ష మన కోసం జరుగుతోంది. శిక్ష చూడటం కూడా వినోదంలో భాగమే. దాన్ని నీతి అని పిలిచింది మనం. పైగా విద్యాహక్కు చట్టం వచ్చాక బడిలో పిల్లల్ని కొట్టడం నిషేధం, ఆ చట్టం 17వ సెక్షన్ ఆ మాటే చెబుతుంది. అలాంటి బడిలో నిలబడి "చూశారా, దెబ్బలు పడ్డాయి" అని నేను నీతి చెప్పాను.

రెండోది కాలు. కుర్రాడు వెనక ఉన్నాడు, తోటమాలికి కనిపించడు, మనకి కనిపిస్తాడు. మనం నవ్వడం మొదలుపెట్టేది నీళ్ళు పడ్డాక కాదు, పైపు మీద కాలు పడ్డప్పుడే. ఏం జరగబోతోందో మనకి తెలుసు, అతనికి తెలియదు. ఆ తేడాయే కామెడీ. ఆ క్షణంలో మనం కుర్రాడి పక్కన నిలబడి ఉన్నాం. చివరి రెండు దెబ్బలు మనల్ని అక్కణ్ణుంచి కదిలించలేవు.

అక్కడినుంచి నా ప్రశ్న మారింది. ఈ సినిమాలో నీతి ఏమిటి అని కాదు. నవ్వినప్పుడు నువ్వు ఎక్కడ నిలబడ్డావు అని.

నాలుగో వారం

మళ్ళీ అదే సినిమా. మేడంకి భయం వేసింది, నాకూ వేసింది. సంగీతం లేకుండా, సరైన వేగంలో, నేను నోరు మెదపకుండా వేశాను. వేశాక ఒకటే అడిగాను. "మీకు నవ్వు ఎప్పుడొచ్చింది?"

"కాలు పెట్టినప్పుడు సార్."

"అప్పటికి ఏమీ కాలేదు కదా?"

"ఏం అవుద్దో తెలుసు కదా సార్."

"తోటమాలికి?"

"తెలీదు."

కాసేపు ఎవరూ ఏమీ అనలేదు. కిటికీ పక్కన కూర్చునే ఒక అమ్మాయి, ఎప్పుడూ పెద్దగా మాట్లాడదు, "అంటే మనం కూడా తెలిసీ చెప్పలేదు సార్" అంది. కిట్టు ఊరుకోలేదు. "సినిమాలో ఉన్నోడికి మనం ఎలా చెప్తాం? చూస్తే తప్పేంటి సార్?" మంచి ప్రశ్న. జవాబు నా నోటిదాకా వచ్చింది, ఆపుకున్నాను. జవాబు నేను చెబితే అది మళ్ళీ కార్డు మీద నీతే అవుతుంది, కిట్టు దాన్ని పక్కవాడికి అందించేస్తాడు. "వచ్చే వారందాకా నీ ప్రశ్న బోర్డు మీద ఉంచుదాం" అని సుద్దముక్క వాడి చేతికే ఇచ్చాను. వాడే రాశాడు: చూస్తే తప్పేంటి?

ఐదో వారం: కెమెరాని మింగిన మనిషి

ఈ కేసు మలుపు తిరిగింది ఇక్కడ. 1901లో అదే హోవ్ ఊళ్ళో జేమ్స్ విలియమ్సన్ తీసిన 'ది బిగ్ స్వాలో', ఒక నిమిషం సినిమా. ఒకాయన్ని ఎవరో ఫొటో తీస్తుంటే ఆయనకి ఇష్టం ఉండదు, కోపంగా అరుస్తూ దగ్గరికి, ఇంకా దగ్గరికి వస్తాడు, ముఖం తెరంతా నిండుతుంది, నోరు తెరుస్తాడు, ఆ చీకట్లోకి కెమెరా, వెనకే కెమెరామన్ పడిపోతారు. ఆయన నములుతూ వెనక్కి వెళ్ళి తృప్తిగా నవ్వుతాడు.

ఎందుకు ఎంచుకున్నానంటే, ఇప్పటిదాకా అన్ని సినిమాల్లో మనం ఆటపట్టించేవాడి వైపు ఉన్నాం, ఇందులో మాత్రం కెమెరా ఎవరి మీద ఉందో అతనే గెలుస్తాడు. ఫోన్ వీడియోల మాట నేను ఎత్తకుండానే ఆ మాట రావాలని ఆశ.

నవ్వు పెద్దగా వచ్చింది. వెనక బెంచీలోంచి చిన్నా, "సార్, ఇంకోసారి" అన్నాడు. ఐదు వారాల్లో వాడి గొంతు క్లాసులో నేను వినడం అదే మొదటిసారి. మూడుసార్లు వేశాం.

మూడోసారి అయ్యాక ఒకడు లేచి, "సార్, కెమెరాని మింగేశాడు కదా, మరి మింగాక నములుతున్నది తీసిందెవరు?" అని అడిగాడు. సినిమా చదువుకున్నవాళ్ళు కూడా ఆ సినిమా గురించి అడిగే ప్రశ్న ఇదే. పిల్లలు చర్చ మొదలుపెట్టారు. ఇంకో కెమెరా ఉంది. ఇంకోడు ఉన్నాడు. వాడు కనిపించడు. ఎప్పుడూ ఇంకోడు ఉంటాడు. అప్పుడు కిటికీ పక్క అమ్మాయి మళ్ళీ, "చిన్నా వీడియోలో కూడా తీసినోడు కనిపించడు" అంది.

తీసినవాడు ఎవరో క్లాసు మొత్తానికి తెలుసు. ఎవరూ వాడివైపు చూడలేదు. బోర్డు మీద గత వారం ప్రశ్న ఇంకా ఉంది. నేను అక్కడితో ఆపేశాను, గంటకి ఇంకా ఎనిమిది నిమిషాలు ఉన్నా సరే. కొన్నిసార్లు చర్చని ఇంకా లాగాలనిపిస్తుంది, లాగితే ఆ కుర్రాడు దోషిలా నిలబడాల్సి వచ్చేది. ఒకణ్ణి బోనులో నిలబెడితే మిగతావాళ్ళందరికీ మళ్ళీ చూసేవాళ్ళ సీటు దొరుకుతుంది.

ఆరు, ఏడు వారాలు: మళ్ళీ తీయడం

తోటమాలి సినిమాని పిల్లలే తీయాలి. బడి తోటలోనే. నిబంధనలు లూమియేర్‌లవే, ఒకటే షాట్, కెమెరా కదలకూడదు, 50 సెకన్లు, శబ్దం ఉండదు. ఐదు గుంపులు. తీసేది నా ఫోన్‌తోనే. కెమెరా ఎక్కడ పెట్టాలో గుంపు నిర్ణయించుకోవాలి, అదొక్కటే వాళ్ళ స్వేచ్ఛ.

దీనికి ముందు కిట్టు ఇంకో ప్రశ్న వేశాడు, "సినిమాలో వాళ్ళు చేస్తే కామెడీ, మేం చేస్తే తప్పా?" దీనికి మాత్రం నేను నేరుగా జవాబు చెప్పాను. మూకీ కామెడీల నటుడు బస్టర్ కీటన్ గురించి చెప్పాను. చిన్నప్పుడు వాళ్ళ నాన్న నాటకాల స్టేజీ మీద ఆ పిల్లవాణ్ణి విసిరేసేవాడు, పడటం వాడు పనిగా నేర్చుకున్నాడు, తను నవ్వకుండా ఉంటే జనం ఎక్కువ నవ్వుతారని కూడా అక్కడే కనిపెట్టాడు. అంత నేర్చుకున్నా, పిల్లల రక్షణ సంఘంవాళ్ళు ఆ ప్రదర్శన మీద పదే పదే అభ్యంతరం పెట్టారు, దెబ్బలున్నాయేమోనని వాణ్ణి పరీక్షించారు. పడేవాడికి ముందే తెలియాలి, ఒప్పుకోవాలి, వద్దంటే ఆగాలి. తోటలో షూటింగుకి ఇవే రూల్స్ అన్నాను. చెయ్యెత్తితే ఎవరైనా సరే ఆపాలి.

నాకు ఎక్కువ టెన్షన్ పెట్టింది చిన్నాకి ఏ పని ఇవ్వాలన్నది. తోటమాలి వేషం ఇస్తే సోమవారం జరిగిందే మళ్ళీ జరుగుతుంది. కుర్రాడి వేషం ఇస్తే పగ తీర్చుకోమన్నట్టు. చూస్తూ కూర్చోమంటే వాణ్ణి పక్కన పెట్టినట్టు. చివరికి ఏమీ ఇవ్వకుండా వాణ్ణే అడిగాను. "కెమెరా" అన్నాడు. వాళ్ళ గుంపులో తోటమాలిగా ఎవరు చేస్తారంటే కిట్టు చెయ్యెత్తాడు. ఎందుకు ఎత్తాడో నాకు ఇప్పటికీ తెలియదు. విడిగా పిలిచి, ఇష్టం లేకపోతే మానేయొచ్చని రెండుసార్లు చెప్పాను. చేస్తానన్నాడు.

నాలుగు గుంపులు కెమెరాని లూమియేర్ పెట్టినట్టే దూరంగా, పక్క నుంచి పెట్టాయి. తోటమాలి, పైపు, కాలు అన్నీ కనిపిస్తాయి. చూసినప్పుడు అందరూ నవ్వారు, బాగా తీశారు.

చిన్నా కెమెరాని తోటమాలికి ఎదురుగా, దగ్గరగా పెట్టాడు. ఫ్రేములో కిట్టు ముఖం, చేతిలో పైపు మూతి, అంతే. పైపు మిగతా పొడవు గానీ కాలు గానీ కనిపించవు. పైగా కాలు పెట్టేవాడితో, తను వేలు చూపించేదాకా తీయొద్దని ముందే చెప్పాడు. నీళ్ళు ఆగిపోతాయి. కిట్టు చూస్తాడు. నీళ్ళు రావు. మళ్ళీ చూస్తాడు. పైపు విదిలిస్తాడు. పడతాయని వాడికి తెలుసు, ఎప్పుడో తెలియదు. అలా ఇరవై సెకన్ల పైన. కళ్ళు చికిలిస్తాడు, తల వెనక్కి తీసుకుంటాడు, మళ్ళీ దగ్గరికి తెస్తాడు. తర్వాత నీళ్ళు.

క్లాసులో వేస్తే ఎవరూ నవ్వలేదు. అదే కథ, అదే పైపు, అదే నీళ్ళు. మిగతా నాలుగు చూసి అప్పటిదాకా పగలబడి నవ్విన పిల్లలే.

ఎలా ఉంది అని కిట్టుని అడిగాను. "ఎప్పుడు పడతాయో తెలీక టెన్షన్ వచ్చింది సార్."

"నాకు రోజూ అంతే" అన్నాడు చిన్నా. అరవలేదు, కోపంగా కూడా అనలేదు.

ఎనిమిదో వారం

మేడం ఇంకా ఒక నీతి సినిమా అడుగుతూనే ఉన్నారు, అది న్యాయమే, ఆవిడకి కావాల్సింది పిల్లలు బాగుండటం. చాప్లిన్ 1917లో మ్యూచువల్ కంపెనీకి తీసిన 'ఈజీ స్ట్రీట్' వేశాను. తను పెరిగిన దక్షిణ లండన్ సందుల్ని గుర్తుచేసే సెట్. విరాళాల పెట్టె కొట్టేసిన దేశదిమ్మరి, మనసు మారి తిరిగిచ్చి, పోలీసవుతాడు. మత్తు సూది సీను ఒకటి ఉంది, అది దాటేశాను. క్లాస్ టీచర్‌కి ముందే చెప్పాను.

ఆకలికి దొంగతనం చేసిన ఆడమనిషిని పోలీసు చాప్లిన్ పట్టుకుంటాడు. ఆమె ఏడుపు చూసి, పక్కనే కునుకు తీస్తున్న కూరగాయలాయన బండి మీంచి ఇంకా కొన్ని కూరలు తీసి ఆమెకిస్తాడు. నేను ఏమీ అడగలేదు. ఒకడు తనంతట తనే, "ఇక్కడ కూడా పైపు మీద కాలే సార్, కూరలాయనకి తెలీదు, మనకి తెలుసు, నవ్వాం" అన్నాడు. అక్కడినుంచి నలభై నిమిషాలు గొడవ. ఆకలి కదా అని కొందరు, కూరలాయన కూడా పేదోడే అని కొందరు, జీతం డబ్బుతో కొనివ్వొచ్చుగా అని ఒకమ్మాయి. సినిమా చివర్లో ప్రేమ, క్షమ, శాంతి అంటూ పద్యంలాంటి కార్డు పడుతుంది. దాన్ని ఎవరూ పట్టించుకోలేదు. తెలుగు సార్ సుమతీ శతకంలో అపకారికి ఉపకారం పద్యంతో ముగిద్దామన్నారు, తర్వాత ఆ గొడవ చూసి, "వద్దులెండి, దీన్నే నడవనిద్దాం" అన్నారు.

ఏం మారింది, ఏం మారలేదు

ఆ టర్ము మిగిలిన రోజుల్లో కుర్చీ లాగడం తన కంట పడలేదని క్లాస్ టీచర్ చెప్పారు. పాత వీడియోలు ఎవరెవరి ఫోన్లలో ఉన్నాయో చెప్పలేం, గ్రూపులోంచి తీసేశామన్నారు, వీడియో తీసిన కుర్రాడే మేడం దగ్గరికొచ్చి చెప్పాడు. కిట్టు, చిన్నా స్నేహితులు కాలేదు. కిట్టు పక్క సెక్షన్ పిల్లవాడి బ్యాగు దాచి ఒకసారి దొరికాడు కూడా. చిన్నా పక్కన కిటికీ దగ్గర అమ్మాయి గుంపు కూర్చోవడం మొదలైంది. ఇందులో ఎంత సినిమాలవల్ల, ఎంత ఫోన్లు తీసుకోవడంవల్ల, ఎంత క్లాస్ టీచర్ రోజూ గమనించడంవల్ల అన్నది విడదీసి చెప్పలేను. నేను కౌన్సిలర్‌ని కాదు, పిల్లవాడితో విడిగా మాట్లాడే పని టీచర్‌ది, వాళ్ళమ్మగారిదే, అందులో నేను వేలు పెట్టలేదు.

నా పనిలో మారినవి మాత్రం చెప్పగలను. లిస్టులు పంపడం మానేశాను. ఎవరైనా అడిగితే తోటమాలి ఒక్కటే పంపి, సంగీతం ఆపి, వేగం సరిచేసి, రెండుసార్లు వేయమంటాను, రెండోసారి అయ్యేదాకా ఏమీ అడగొద్దంటాను. వ్యాఖ్యానం చెప్పడం కూడా ఆపేశాను. నాకు అది చాలా ఇష్టమైన పని, అయినా తెర పక్కన నిలబడ్డవాడు ఎవరి వైపు నవ్వితే హాలంతా అటే నవ్వుతుంది. నీతి ఏమిటి అనే ప్రశ్న ఎప్పుడైనా అడగాల్సి వస్తే ఆఖర్న అడుగుతాను. పిల్లలు జవాబు వెంటనే చెప్పేస్తే, నేను ప్రశ్న తప్పు అడిగానని అనుకుంటాను. ఈ పాత కామెడీల్ని పక్కన పెట్టేయమని మాత్రం నేను ఎవరికీ చెప్పను. కామెడీ ఎలా పనిచేస్తుందో ఆ 50 సెకన్లలో విప్పి చూపించినంత స్పష్టంగా ఉంటుంది, ఒకే షాట్, దాచడానికి చోటే లేదు. పన్నెండేళ్ళ పిల్లవాడు కెమెరాని రెండడుగులు ముందుకి జరిపి దాన్ని తిరగేయగలిగాడంటే అందుకే.

బడి వార్షికోత్సవంలో ఐదు గుంపుల షాట్లూ వేద్దామని మేడం అడిగారు. నాలుగు గుంపులు సరేనన్నాయి. కిట్టు కూడా తన ముఖం చూపించడానికి ఒప్పుకున్నాడు. చిన్నాని అడిగాను. రాసుకోవడానికి పర్లేదు గానీ అందరిముందూ వేయొద్దు సార్ అన్నాడు. ఆ రోజు నాలుగే వేశాం.